మూడో లైను మీద వాన

పిల్లలూ, ఈ కథ మీకింతవరకూ ఎవరూ చెప్పలేదు. చెప్పాల్సినదాన్ని నేనే. ఇవాళ చెబుదాం, రేపు చెబుదాం అని ఇన్నేళ్ళు నెట్టుకొచ్చాను. నిన్న చిన్నదాని క్లాసులో వాన పడిందట. టీచరు చీటీ పంపింది: "మధ్యాహ్నం లెక్కల క్లాసులో వాన పడి పిల్లలందరి బట్టలూ తడిశాయి. ఇంటికి రాగానే మార్చగలరు." ఎదురింటి పిల్లవాడి యూనిఫారం వాళ్ళ బాల్కనీలో ఆరుతోంది. పై అంతస్తు పిల్లదీ ఆరుతోంది. మన చిన్నది మాత్రం తడిబట్టలు సంచిలో కుక్కి, ఆ సంచిని మంచం కింద గోడవారకి తోసేసింది. నేను చూశాను. ఏమీ అనలేదు. చూసి ఏమీ అనకపోవడం మన ఇంట్లో ఎప్పటినుంచో ఉన్న జబ్బు.

ఇంకొకటి. దారాల డబ్బా అడుగున అరచేతంత చెక్కబిళ్ళ ఉంది, ఎర్రతాడు కట్టి. ఇదేమిటమ్మా అని పెద్దది రెండుసార్లు అడిగింది. రెండుసార్లూ మాట మార్చాను. అదేమిటో కూడా ఇందులోనే ఉంది.

మీ అమ్మమ్మకి ఒక అక్క ఉండేది. ఇద్దరూ ఒకే ఇంట్లో ఉండేవాళ్ళు, ఒకే బస్సెక్కేవాళ్ళు, చొక్కాలు కుట్టే ఒకే ఫ్యాక్టరీలో మూడో లైనులో ఒకరి వెనక ఒకరు కూర్చునేవాళ్ళు. అక్క కాలర్లు కుట్టేది. ఆ కాలర్లని చొక్కా మెడకి అతికేది చెల్లెలు, అంటే మీ అమ్మమ్మ. అక్క పెళ్ళి చేసుకోలేదు. చెల్లెలి కాపురంలోనే, వంటగది పక్కనున్న చిన్నగదిలో ఉండేది.

ఎనిమిదింటికి బెల్లు కొట్టేవాళ్ళు. ముప్ఫై రెండు మిషన్లు ఒక్కసారి మొదలయ్యేవి. కాలరు కుట్టడమంటే బట్టని తిరగేసి కుట్టి, అంచు కత్తిరించి, మళ్ళీ బయటికి తిప్పి, మొద్దు పుల్లతో కొసని పొడిచి నిలబెట్టాలి. కొస మొద్దుబారితే చొక్కా మొహం వేలాడేసినట్టుంటుంది. గంటకి అరవై కాలర్లు. అక్క అరవై ఐదు చేసేది, ఒక్క కొసా వంగేది కాదు.

లైనుకి రెండు చెక్కబిళ్ళలు ఉండేవి. సూపర్‌వైజరు బల్ల పక్కన గోడకి మేకు ఉండేది, దానికి తగిలించేవాళ్ళు. బాత్రూముకి వెళ్ళాలంటే బిళ్ళ మెడలో వేసుకుని వెళ్ళాలి. బిళ్ళ లేకుండా లేస్తే సూపర్‌వైజరు విజిలు ఊదేవాడు. అందుకే ఆయన పేరు విజిలు. ఎదురుగా సారూ అనేవాళ్ళు, వెనక విజిలు అనేవాళ్ళు.

లైనులో అక్కకి పెట్టిన పేరు ఒంటెక్క, నీళ్ళు దాచుకునే ఒంటెలాంటిదని. ఎందుకంటే ఆమె ఎన్నడూ బిళ్ళ అడిగేది కాదు. పొద్దున్న ఎనిమిదింటికి కూర్చుంటే, భోజనానికి తప్ప, సాయంత్రం ఐదింటికి లేవడమే. తన వంతు వచ్చినా, "నాకక్కర్లేదులే, నువ్వెళ్ళిరా" అని ఇంకొకరికి ఇచ్చేసేది.

"నీ పొట్టలో బావి తవ్వించావా ఏమిటక్కా?" అనేది గుండీలమ్మాయి. లైను చివర కూర్చుని గుండీలు కుట్టే పిల్ల, కొత్తగా పెళ్ళయింది, నోరు ఊరుకునేది కాదు.

"బావి కాదే, చెరువు. నువ్వు మాటలు తగ్గించి గుండీలు కుట్టు."

లైనంతా నవ్వేది. ఒంటెక్క కూడా కొంచెం నవ్వేది. ఆమెకి ఉన్న ఒకే ఒక్క గొప్ప అది. కొంతమందికి గొంతు బాగుంటుంది, కొంతమందికి జుట్టు బాగుంటుంది. తనకి ఇది.

ఆ గొప్ప ఎక్కడినుంచి వచ్చిందో చెల్లెలికి తెలుసు. చిన్నప్పుడు ఇద్దరూ ఒకే పరుపు మీద పడుకునేవాళ్ళు. ఒకరోజు తెల్లారేసరికి పరుపు తడిసి ఉంది. వాళ్ళ నాన్న ఎవరని అడిగాడు. అక్క ముందుకొచ్చింది. ఆయన ఆ పరుపు మడతపెట్టి ఆమె నెత్తిన పెట్టి, స్కూలు గంట కొట్టేదాకా వీధి గుమ్మంలో నిలబెట్టాడు. పిల్లలందరూ ఆ దారినే స్కూలుకి వెళ్ళేది. ఆ రోజు తర్వాత అక్క తన ఒంటిని తన మాట వినేలా చేసుకుంది. నలభై ఏళ్ళు అది విన్నది.

ఒక సోమవారం వచ్చేసరికి మేకుకి ఒకే బిళ్ళ వేలాడుతోంది.

"రెండోది ఏమైంది సార్?" అని అడిగారు.

విజిలు ఒంటెక్క వైపు చేయి చూపించాడు. "ముప్ఫై రెండు మందిలో ఈవిడ ఒక్కసారి కూడా లేవదు. నేను పుస్తకంలో రాసుకున్నా, మేనేజరుగారికి చూపించా. ఈవిడకి చేతనైంది మీకెందుకు చేతకాదు? ఈవిడని చూసి నేర్చుకోండి."

ఆ రోజు ఎవరూ నవ్వలేదు. ఒంటెక్క కాలరు కొస పొడుస్తూనే ఉంది. పుల్ల బట్టని చీల్చుకుని బయటికి వచ్చింది.

*

ఆమెకి నలభై ఏడో ఏడు నడుస్తుండగా, ఒక మధ్యాహ్నం మూడింటికి, దూది నలుసు గొంతులో పడి దగ్గొచ్చింది. దగ్గింది. అంతే. నలభై ఏళ్ళ కట్టు తెగింది. స్టూలు మీద కూర్చున్నది కూర్చున్నట్టే ఉచ్చ పోసుకుంది.

అదే క్షణంలో ఆమె మిషను మీద వాన మొదలైంది.

పైన రేకుల కప్పు. చిల్లు లేదు. బయట ఎండ పెళపెళలాడుతోంది. వాన మాత్రం ఒక చాపంత మేర, నిటారుగా, చల్లగా పడింది. మట్టి లేని ఆ హాల్లో మట్టి వాసన లేచింది. ఫ్యాను రెక్కలు జల్లుని పక్కవాళ్ళ మీదకి కొట్టాయి. ఒంటెక్క తల, భుజాలు, ఒళ్ళో ఉన్న కాలర్లు, స్టూలు, కింద నేల అన్నీ ఒకేలా తడిశాయి.

"కట్టలు తీయండమ్మా, కట్టలు!" అని పరుగెత్తుకొచ్చాడు విజిలు. "తెల్లబట్ట, తడిస్తే మరక పడుతుంది!"

ప్లాస్టిక్కు పట్టా తెచ్చి కట్టల మీద కప్పారు. ఒక బకెట్టు పెట్టారు. విజిలు పుస్తకం తీసి, "మూడో లైనులో వాన, పది నిమిషాలు" అని రాసుకుని సంతకం పెట్టాడు. వాన వెలిశాక అందరూ చేతులు తుడుచుకుని మిషన్లు తొక్కారు. వాన పడితే పడిందనుకోవడమే తప్ప దానికి ఎందుకని అడిగేదేముంటుంది?

ఆ తర్వాత వారానికొకసారి, ఆ తర్వాత రెండు రోజులకొకసారి. తుమ్మితే వాన, కట్ట ఎత్తితే వాన. బస్సులో గతుకు వస్తే వాన. కండక్టరు బెల్లు తాడు పట్టుకుని, "గొడుగులున్నవాళ్ళు తెరవండి, లేనివాళ్ళు పక్కవాళ్ళ కిందకి జరగండి" అని కేకేసేవాడు. ఆదివారం మధ్యాహ్నం కునుకు తీస్తే మంచం మీద వాన. మీ తాతయ్య గుమ్మంలో నిలబడి, "వదినా, రేడియో తడుస్తుంది, ఇటివ్వండి" అని అడిగి తీసుకుపోయేవాడు.

పిల్లలూ, ఆ వానలో తడిసినవాళ్ళెవరూ ఆమె వైపు అదోలా చూడలేదు. తడి తడే కదా. ఎవరి తడి ఎక్కడిదో ఎవరు చెప్పగలరు? కానీ ఆమెకి అలా తోచలేదు. ఒకరోజు పెరట్లో బట్టలు పిండుతూ చెల్లెలితో అంది:

"అది వాన కాదే. డప్పు. నేను చేసిన పని నలుగురికీ చాటుతోంది."

"ఏ పనక్కా?" అంది చెల్లెలు, తెలిసీ.

ఒంటెక్క ఆమె మొహం వైపు ఒకసారి చూసి, మళ్ళీ బట్టలు పిండుకుంది. అక్కడ ఆగిపోయింది ఆ మాట.

అప్పటినుంచి ఆమె నీళ్ళు తగ్గించింది. ముందు సీసాలో సగం. తర్వాత ఒక గ్లాసు. తర్వాత అన్నం గొంతు దిగడానికి రెండు గుటకలు. పెదాలు పగిలాయి. మాట్లాడితే నాలుక పైదవడకి అంటుకుని టక్‌మని చప్పుడయ్యేది. వాన తగ్గింది కానీ ఆగలేదు. నీళ్ళు తక్కువైనకొద్దీ మంట ఎక్కువైంది, మంటతోపాటు ఆగకపోవడమూ ఎక్కువైంది. వాన పడ్డప్పుడు మాత్రం మునుపటికన్నా వెడల్పుగా పడేది. చాపంత ఉన్నది నాలుగు మిషన్లంత, ఎనిమిది మిషన్లంత అయింది. చివరికి మూడో లైను మొదటినుంచి చివరిదాకా, గుండీల బల్ల వరకూ పడేది.

చెల్లెలు పట్టుబట్టి ఆసుపత్రికి తీసుకెళ్ళింది. డాక్టరమ్మ చిన్నపిల్లలా ఉంది, కళ్ళద్దాలు నెత్తి మీదకి తోసుకుని ఉంది.

"ఏమ్మా, ఏమిటి బాధ?"

ఒంటెక్క బల్ల మీద కాగితాలకి బరువు పెట్టిన గాజుబిళ్ళని చూసింది. "మోకాలండి."

"ఏ మోకాలు?"

కాసేపు ఆలోచించి, "కుడిది" అంది.

"ఇంకేమైనా ఉందా?"

"లేదండి."

డాక్టరమ్మ ఆ పగిలిన పెదాల వైపు చూసి, చెల్లెలి వైపు తిరిగింది. "మీరేమైనా చెప్తారా? ఇంట్లో ఏమైనా గమనించారా?"

గోడ మీద కంటిచూపు పరీక్షించే అట్ట ఉంది. చెల్లెలు దాన్ని పైనుంచి కిందిదాకా చదివింది, చివరి వరుసలో చీమతలకాయంత అక్షరాలతో సహా. చదవడం అయిపోయాక అంది: "మెట్లెక్కితే నొప్పంటుందండి."

మోకాలికి మందు రాసిచ్చారు. ఒంటెక్క ఆ మందు రోజూ సాయంత్రం శ్రద్ధగా రుద్దుకునేది. ఆ మోకాలు మాత్రం చివరిదాకా భేషుగ్గా ఉంది.

*

ఫ్యాక్టరీలో భోజనాల దగ్గర గుండీలమ్మాయి అడిగేది: "అక్కా, ఇవాళ మబ్బేమైనా పట్టిందా?"

ఇంకొకామె అందుకునేది: "పొద్దున్నుంచి చూస్తున్నాం, ఒక్క చుక్కా లేదు."

మిగతావాళ్ళు డబ్బాల్లోకి చూస్తూ నవ్వీనవ్వనట్టు ఉండేవాళ్ళు. ఒంటెక్కకి తల తీసి మొలేసినట్టయ్యేది. సగం తిన్న డబ్బా మూసేసి, వెళ్ళి మిషను ముందు కూర్చునేది. ఇన్నేళ్ళు తన వంతులు పుచ్చుకున్నవాళ్ళే ఇలా ఎత్తిపొడుస్తున్నారనుకుంది. ఒక బిళ్ళ పోవడానికి కారణం తనేనని కక్ష కట్టారనుకుంది. ఇంకా నీళ్ళు తగ్గించింది.

వాళ్ళు ఎత్తిపొడవలేదు. అడుక్కుంటున్నారు.

ముప్ఫై రెండు మందికి ఒక్క బిళ్ళ. ఒకామెకి నెలసరి, ఒకామెకి బాలింత ఒళ్ళు, ఒకామెకి మంట. గుండీలమ్మాయికి ఇప్పుడు ఏడో నెల. వంతు వచ్చేదాకా ఆగలేనివాళ్ళు ఒంటెక్క వాన కోసం కాచుకుని ఉండేవాళ్ళు. వాన మొదలవగానే కట్టల మీద పట్టా కప్పి, చేతులు మిషను మీద ఉంచి, తలలు వంచుకుని, ఎవరికి వాళ్ళు వదిలేసుకునేవాళ్ళు. నీళ్ళు అన్నిటినీ కలిపి కడిగి కాలవలోకి తోసేసేవి. ఒకరి సంగతి ఒకరికి తెలుసు. ఒకరితో ఒకరు అనుకోలేదు. చెల్లెలికీ తెలుసు. ఒకసారి కాదు, ఐదారుసార్లు తనూ ఆ వానని వాడుకుంది. అక్కకి చెప్పాలంటే ముందు అది ఒప్పుకోవాలి. రేపు చెబుదాంలే అనుకుంది.

అలా ఉండగా విజిలు ఒకరోజు ఒంటెక్కని బల్ల దగ్గరికి పిలిచాడు. ఊదే మనిషి, ఆ రోజు గొంతు తగ్గించి మాట్లాడాడు.

"బుధవారం చొక్కాలు కొనేవాళ్ళు ఫ్యాక్టరీ చూడటానికి వస్తున్నారమ్మా. పెద్దవాళ్ళు. ఆ రోజు మాత్రం వాన పడకూడదు. పడిందో, లైనే ఎత్తేస్తారు. నీ మీదే భారం వేశా."

వాన ఎందుకు పడుతుందో ఆయనకి తెలుసో లేదో ఈనాటికీ నాకు తెలియదు. ఎవరిని అడగాలో మాత్రం ఆయనకి తెలుసు.

ఆదివారం నుంచి ఒంటెక్క ఒక్క చుక్క ముట్టలేదు. అన్నం మాని పేలాలు తింది. చెల్లెలు గ్లాసు తెచ్చి పక్కన పెడితే, అది పొద్దుటిదాకా అలాగే ఉండేది, పైన దుమ్ము తేలుతూ.

బుధవారం ఫ్యాక్టరీ పెళ్ళివారిల్లులా ఉంది. గోడలకి సున్నం. నడిచే దారికి పచ్చరంగు గీతలు. ప్రతి మిషను పక్కనా ఒక నీళ్ళ సీసా పెట్టారు, మూత బిగించి. తాగడానికి కాదు, కనిపించడానికి. మేకు మీద బిళ్ళ తీసేసి సొరుగులో వేశాడు విజిలు.

"ఇది చూస్తే వాళ్ళేమనుకుంటారు? రెండింటిదాకా ఎవరూ లేవొద్దు. తల్లులూ, మీకు దణ్ణం పెడతా. ఒక్కరోజు."

పదకొండయింది. పన్నెండయింది. వచ్చినవాళ్ళు మొదటి లైనులోనే గంట నిలబడ్డారు. ఒంటి గంటకి గుండీల బల్ల దగ్గర బయల్దేరిన మాట ఒకరి చెవినుంచి ఒకరి చెవికి, కట్టలు కదిలే దారికి ఎదురుగా, లైనంతా పాకి వచ్చింది. చివరికి చెల్లెలి దగ్గరికొచ్చి ఆగింది. ముందు కూర్చున్నది ఒంటెక్క. చెల్లెలు ముందుకి వంగింది.

"అక్కా. వాన కావాలి."

"ఏమిటే?"

"గుండీలమ్మాయికి ఆగడం లేదు. కడుపులో బిడ్డ తంతోందిట. వాన పడనివ్వక్కా."

ఒంటెక్క మిషను ఆగలేదు కానీ గుడ్డ లేకుండా సూది ఉత్తినే కుడుతోంది. "నా వానతో దానికేం పని?"

"దానికే కాదు. అందరికీ అదే కదక్కా దిక్కు. ఏడాదిగా అందరం నీ వానలోనే పోసుకుంటున్నాం."

"అందరూనా?"

"అందరం. నేను కూడా."

ఒంటెక్క వెనక్కి తిరిగి చూడలేదు. మిషను ఆపింది. తర్వాత ఆమె చేయి చాచి, కనిపించడానికి పెట్టిన ఆ సీసా అందుకుంది. మూత తిప్పింది. గటగటా తాగింది. మొత్తం తాగేసి, చెల్లెలి సీసా కూడా లాక్కుని తాగింది. రెండు చేతులూ స్టూలుకి అదిమి, కళ్ళు మూసుకుని, ఒంటినంతా వదిలేసింది.

ఏడాదికి పైగా ఆగమంటే ఆగనిది ఆ రోజు రమ్మంటే రాలేదు. తాగిన నీళ్ళు ఇసుకలో పోసినట్టు ఎక్కడికి పోయాయో.

వచ్చినవాళ్ళు గుండీల బల్ల ముందు నిలబడి ఉన్నారు. వాళ్ళలో ఒకావిడ చొక్కా ఒకటి చూపించమని నవ్వుతూ సైగ చేసింది. గుండీలమ్మాయి లేచి నిలబడింది. చొక్కా భుజాల దగ్గర పట్టుకుని ఎత్తి చూపించింది. ఆ చొక్కా కిందినుంచి, ఆమె రెండు పాదాల మధ్య, కొత్తగా కడిగిన నేల మీద నీళ్ళు మొదలయ్యాయి. పచ్చగీత దాటి ఆవిడ బూటుదాకా వెళ్ళాయి. ఆవిడ కాలు వెనక్కి తీసుకుని, "పరవాలేదు, పరవాలేదు" అంది మర్యాదగా.

మూడో లైనులో ఆడవాళ్ళంతా ఒక్కసారి పైకి చూశారు. రేకులు పొడిగా ఉన్నాయి.

గుండీలమ్మాయి చొక్కాని మడతపెట్టి బల్ల మీద పెట్టింది. భోజనం డబ్బా కూడా తీసుకోలేదు. పొట్ట కింద చేయి పెట్టుకుని, అన్ని లైన్ల మధ్యనుంచి నడిచి గుమ్మం దాటిపోయింది. బిళ్ళ లేకుండా లేచింది కానీ విజిలు ఊదలేదు. ఆమె తడి అడుగులు గుమ్మందాకా ఉన్నాయి. సాయంత్రం బెల్లు కొట్టేసరికి అవీ ఆరిపోయాయి.

ఒంటెక్క ఆ డబ్బా తీసుకుని వాళ్ళింటికి వెళ్ళింది. తలుపు తీయలేదు. లోపలినుంచి మాట మాత్రం వినిపించింది.

"వెళ్ళిపో అక్కా. నీ మీద కోపం లేదు. నిన్ను చూస్తే ఆ నేల గుర్తొస్తుంది, అంతే."

డబ్బాని గుమ్మం పక్కన పెట్టి వచ్చేసింది. గుండీలమ్మాయి మళ్ళీ ఏ ఫ్యాక్టరీకీ వెళ్ళలేదట. బిడ్డ పుట్టాక కూడా బయటికి రాలేదట. ఎప్పుడైనా బజారులో కనబడితే అవతలి వైపుకి మారిపోయేదని మీ అమ్మమ్మ చెప్పేది.

*

ఆ రోజునుంచి ఒంటెక్క తాగడం మొదలుపెట్టింది. బిందెలకి బిందెలు. రేపు వాన తెస్తాను, ఎల్లుండి తెస్తాను అనేది. కానీ నీళ్ళు లోపలికి వెళ్ళడమే కానీ బయటికి వచ్చే దారి మరిచిపోయాయి. పాదాలు ఉబ్బాయి. మొహం ఉబ్బింది. వేలితో నొక్కితే గుంట పడి అలాగే ఉండేది.

ఆసుపత్రిలో అదే డాక్టరమ్మ. ఈసారి చెల్లెలు గోడ వైపు చూడలేదు.

"మోకాలు కాదండీ. అప్పుడూ కాదు. ఆవిడకి ఉచ్చ ఆగదు. ఏడాది దాటింది. ఆగలేదని నీళ్ళు మానేసింది."

డాక్టరమ్మ కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టింది. "నా దగ్గరికి వచ్చేవాళ్ళలో సగంమందికి ఇదేనమ్మా. ఆ సగంమందీ మోకాలనే అంటారు. ఆ రోజు చెప్పి ఉంటే మాత్రలిచ్చి ఇంటికి పంపేదాన్ని." ఒంటెక్క ఉబ్బిన పాదం నొక్కి చూసి, "ఇప్పుడు నా చేతిలో ఏమీ లేదు" అంది.

వార్డులో ఒంటెక్క మంచానికి గొట్టం తగిలించి, దాని చివర సంచి కట్టారు. మొదటి రోజు ఆమె దాని మీద తువ్వాలు కప్పింది. "కప్పకమ్మా, నాకు కనిపించాలి" అని నర్సు తీసేసింది. మూడో రోజుకి ఒంటెక్కే అడగడం మొదలుపెట్టింది, వార్డంతా వినపడేలా, సిగ్గూ బిడియం లేకుండా.

"సిస్టరమ్మా, ఇవాళేమైనా వచ్చిందా?"

"లేదమ్మా."

"ఒక్క చుక్కయినా?"

"రేపు చూద్దాంలే."

ఒక మధ్యాహ్నం చెల్లెలు ఆమె పాదాలు ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది. వాటిని రుద్దుతూ, "అక్కా, ఆ పరుపు తడిపింది నేను" అంది.

"తెలుసు. పక్కన పడుకున్నది నేనే కదా."

"మరెందుకు మోశావు?"

ఒంటెక్క కళ్ళు తెరవలేదు. "నువ్వు చిన్నదానివి. ఆ పరుపు బరువు."

రెండు రోజులకి పోయింది.

ఆ రోజు వాన పడుతుందని మూడో లైనంతా నమ్మింది. కబురు తెలియగానే ఎవరూ చెప్పకుండానే కట్టల మీద పట్టాలు కప్పారు. బకెట్లు పెట్టారు. విజిలు పుస్తకం తెరిచి, తేదీ వేసి, పెన్ను పట్టుకుని కూర్చున్నాడు. ఐదింటి బెల్లు కొట్టేదాకా చూశారు. పడలేదు. పట్టాలు మడతపెట్టి ఇళ్ళకి వెళ్ళారు.

వారం తర్వాత మీ అమ్మమ్మ పనిలోకి వెళ్ళింది. ముందు స్టూలు మీద ఎవరో కొత్తామె కాలర్లు కుడుతోంది, కొసలు మొద్దుగా ఉన్నాయి. పదిన్నరకి మీ అమ్మమ్మ లేచింది. బిళ్ళ వేరే ఎవరి మెడలోనో ఉంది.

"ఏమ్మా, బిళ్ళ లేకుండా ఎక్కడికి?" అన్నాడు విజిలు.

"ఉచ్చకి."

ఆ హాల్లో ఆ మాట అంత గట్టిగా ఎవరూ అని ఎరగరు. ఆయన నోట్లోంచి విజిలు జారి తాడుకి వేలాడింది. ముప్ఫై మిషన్లు ఆగాయి. మీ అమ్మమ్మ వెళ్ళింది, తాపీగా చేతులు కడుక్కుంది, తిరిగొచ్చింది. అప్పటికే ఆమె మిషను మీద ఇంకొకరు కూర్చుని ఉన్నారు. బిళ్ళ మేకుకి వచ్చి చేరింది. దాన్ని తీసి భోజనం సంచిలో వేసుకుని ఇంటికొచ్చేసింది.

మిగతావాళ్ళు కూడా లేచారా అని అడుగుతారు మీరు. లేవలేదు. మిషన్లు మళ్ళీ తొక్కారు. మర్నాడే ఇంకో బిళ్ళ చేయించి తగిలించారట, తాడు మాత్రం పచ్చది. ఆ ఊళ్ళో ఏ ఫ్యాక్టరీ కూడా మీ అమ్మమ్మని గుమ్మం తొక్కనివ్వలేదు. అలా ఊరు మారి, ఆ ఊరినుంచి ఇంకో ఊరు మారి, చివరికి ఇంత దూరం వచ్చి పడ్డాం.

ముసలితనంలో మీ అమ్మమ్మకీ ఆగేది కాదు. అయిపోయిన ప్రతిసారీ పైకి చూసేది. పైకప్పు పొడిగా ఉండేది. నేను ఏమీ అనకుండా తుడిచేదాన్ని. అననందుకు ఆమె మెచ్చుకుంటోందనుకున్నాను. ఇప్పుడు ఆలోచిస్తే, ఏదైనా అంటానేమోనని ఎదురుచూసేదేమో.

చిన్నదానా, నీ క్లాసు పైన ఇంకో క్లాసు ఉంది. దానిపైన ఇంకొకటి. నిన్న బయట ఎండ కాసింది. ఆ వాన ఒంటెక్కదని నాకు తెలుసు. ఆమెకి రావడానికి ఇన్నేళ్ళు పట్టింది, వచ్చి నీ క్లాసులో అందరినీ తడిపింది. ఎవరూ నీ వైపు చూడలేదు కదూ? ఆ సంచి తీసుకురా. ఉచ్చ తడి నీళ్ళతో పోతుంది. ఇద్దరం కలిసి ఉతికి, అందరి బట్టలతోపాటు బాల్కనీలోనే ఆరేద్దాం.

కానీ ఆ వానని నమ్ముకోకండి. అది అందరికీ పడదు, పడినవాళ్ళకీ ప్రతిసారీ పడదు. నీళ్ళు తాగండి. చేయి ఎత్తండి. పంపకపోతే లేచి వెళ్ళండి, ఏమైతే అదవుతుంది. ఎప్పుడైనా మీ పక్కన కూర్చున్నవాళ్ళకి ఆగక, వాళ్ళు పైకి చూస్తే, పైన ఏమీ లేకపోతే, మీ నీళ్ళ సీసా మూత తీసి నేల మీద ఒంపేయండి. అయ్యో చేయి జారిందని గట్టిగా అనండి. తర్వాత ఎప్పుడైనా, ఇద్దరే ఉన్నప్పుడు, ఈ కథ వాళ్ళకి చెప్పండి. మోకాలని చెప్పకండి. ఉన్న మాట ఉన్నట్టే చెప్పండి. వాళ్ళనీ తమ పక్కన కూర్చునేవాళ్ళకి చెప్పమనండి.